సవరణ: అది సురాక్ మాట కాదు

స్టార్ ట్రెక్ కథాలోకంలో వల్కన్ అనే గ్రహాంతర జాతికి నీతిశాస్త్రం నేర్పిన కల్పిత తత్త్వవేత్త సురాక్ గురించి ఇంతకుముందు రాసిన వ్యాసంలో, ‘కొందరి అవసరాల కన్నా ఎక్కువమంది అవసరాలే ముఖ్యం’ అన్న సూత్రం ఆయనదేనని పేర్కొనడం నా పొరపాటు. ఆ మాట వినిపించే 1982 నాటి ‘స్టార్ ట్రెక్ II: ద రాత్ ఆఫ్ ఖాన్’ చిత్రాన్ని తిరిగి చూసి సరిచూడగా, అందులో దానిని పలికినది వల్కన్ సంతతికి చెందిన పాత్ర స్పాక్ అని, పారదర్శకమైన గోడకు చెయ్యి ఆనించి ప్రాణం విడిచే ఘట్టంలో సైతం అతడు సురాక్ పేరు ఎత్తడని తేలింది.

సురాక్ ప్రతిరూపం తెరపై కనిపించిన 1969 నాటి ధారావాహిక భాగంలో ఆయన పట్టుబట్టేది సంఖ్యల గురించి కాదు, శాంతి గురించి. ప్రత్యర్థుల వద్దకు సంధికి వెళ్ళి హతుడయ్యేదీ అందుకే. సమాంతర విశ్వాన్ని చూపిన 1967 నాటి భాగంలోని మరో స్పాక్ కూడా తర్కాన్నే నమ్ముతాడు గానీ, అక్కడ సురాక్ ప్రస్తావనే లేదు.