ఏ దోమను, ఎవరి అనుమతితో?

భూమ్మీద దోమ అన్నదే లేకుండా పోతే బాగుండునని ఎప్పుడో ఒకప్పుడు అనుకోనివారు ఉండరు. ఇప్పుడది ఊసుపోక చెప్పుకునే కోరిక కాదు. 2018లో లండన్ ఇంపీరియల్ కాలేజీలో ఆండ్రియా క్రిసాంటి బృందం ఆడదోమలను గొడ్రాళ్లను చేసే జన్యుమార్పును ‘జీన్ డ్రైవ్’ పద్ధతిలో మలేరియాను మోసే అనాఫిలిస్ గాంబియే దోమల్లోకి ఎక్కించింది. మామూలుగా ఒక జన్యువు సంతానంలో సగానికే అందుతుంది; ఇది దాదాపు అన్నింటికీ అందుతుంది. పంజరాల్లోని దోమలు పదకొండు తరాలు దాటకుండానే పూర్తిగా అంతరించాయి.

చేయగలమా అన్న ప్రశ్న వెనక్కి వెళ్లింది, చేయవచ్చా అన్నది ముందుకొచ్చింది. దోమలన్నింటినీ తుడిచిపెట్టాలనడం ఎలుకమీద కోపంతో ఇల్లు తగలబెట్టుకోవడమే. అయితే ప్రాణాలు తీసే ఆ కొద్ది జాతుల విషయంలో ప్రకృతి సమతుల్యం పేరు చెప్పి చేతులు కట్టుకు కూర్చోవడం అంతకంటే పెద్ద తప్పని నా అభిప్రాయం.

దోమల్లో సుమారు 3,500 జాతులున్నాయి. మనుషులకు జబ్బులు మోసుకొచ్చేవి వాటిలో చాలా కొద్ది. మగదోమ అసలు కుట్టదు, పువ్వుల తేనెతో బతుకుతుంది. ఉత్తర అమెరికా అడవుల్లోని ఒక చిన్న ఆర్కిడ్ మొక్కకు పరాగసంపర్కం చేసిపెట్టేవి దోమలే. ఫ్రాన్స్‌లోని కామార్గ్ చిత్తడి నేలల్లో దోమపిల్లలను చంపే బ్యాక్టీరియా మందు చల్లినప్పుడు, గోడలకు మట్టిగూళ్లు కట్టుకునే చిన్న పక్షుల సంతానం గూటికి మూడు నుంచి రెండుకు పడిపోయింది. ఆ మందు దోమలతోపాటు వాటి బంధువులైన ఇతర చిన్న పురుగులనూ చంపుతుంది కాబట్టి నింద మొత్తం దోమలు లేకపోవడం మీదే వేయలేం. కానీ విచక్షణ లేకుండా చంపితే దెబ్బ ఎక్కడ తగులుతుందో అది చూపించింది.

ఇదే లెక్క హవాయి దీవుల్లో తిరగబడుతుంది. అక్కడ దోమ సహజంగా లేదు. 19వ శతాబ్ది తొలినాళ్లలో ఓడల్లో వచ్చింది. పక్షులకు సోకే మలేరియాను అక్కడ వ్యాపింపజేసింది. హనీక్రీపర్లనే అక్కడి పక్షుల్లో చాలావాటికి ఆ జబ్బును తట్టుకునే శక్తి లేదు. చలికి దోమ బతకలేని ఎత్తయిన కొండల మీద మిగిలిన కొన్నింటికి, వాతావరణం వేడెక్కి దోమ పైకెక్కుతున్నకొద్దీ ఆ చోటూ కరువవుతోంది. హవాయి అటవీ పక్షుల్లో 8 జాతులు అంతరించాయని అమెరికా ప్రభుత్వం 2023లో ప్రకటించింది. మిగిలినవాటికోసం ఇప్పుడు వోల్బాకియా అనే బ్యాక్టీరియా ఎక్కించిన మగదోమలను హెలికాప్టర్ల నుంచి వదులుతున్నారు. వాటితో జతకట్టిన ఆడదోమల గుడ్లు పొదగవు. అక్కడ ప్రకృతిని కాపాడటమంటే దోమను తగ్గించడమే. ఆఫ్రికాలో పుట్టి, బానిసల ఓడలతో ప్రపంచమంతా పాకిన డెంగీ దోమ ఈడిస్ ఈజిప్టీ విషయంలోనూ నేను ఇదే అంటాను. ఆఫ్రికా వెలుపల అది చొరబడిన జీవి.

మలేరియా మోసే గాంబియే మాత్రం ఆఫ్రికా సొంత దోమ. అందుకే నిర్ణయం కష్టం. ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం 2023లో మలేరియాతో సుమారు 5,97,000 మంది చనిపోయారు. నూటికి 95 మంది ఆఫ్రికావారే, వారిలో నాలుగింట మూడు వంతులు ఐదేళ్లలోపు పిల్లలు. ఇంతమంది పిల్లల ప్రాణాలను ఒక దోమజాతి మనుగడతో తూచడం నాకు చేతకాదు.

అయినా ఒక జాతిని లేకుండా చేయడం ఆఖరి అస్త్రం కావాలి. శ్రీలంకలో 1963లో మలేరియా కేసులు 17కు దిగివచ్చాయి. డీడీటీ చల్లడం ఆపాక కొన్నేళ్లకే లక్షల్లో తిరిగొచ్చాయి. అదే దేశం 2016లో మలేరియారహితంగా గుర్తింపు పొందింది. దోమలు అక్కడ ఇప్పటికీ ఉన్నాయి, జబ్బు లేదు. ఇండోనేషియాలోని యోగ్యకర్తాలో దోమలను నిర్మూలించకుండా, డెంగీ వైరస్‌ను అణచే వోల్బాకియా ఉన్న దోమలను వాటిలో కలిపి డెంగీని 77 శాతం తగ్గించారు.

అనుమతి సంగతి ఇంకా తేలలేదు. జీన్ డ్రైవ్ దోమను ఒక ఊళ్లో వదిలితే సరిహద్దులు దాటుతుంది, వెనక్కి పిలవలేం. పశ్చిమ ఆఫ్రికా దేశమైన బుర్కినా ఫాసోలో, జీన్ డ్రైవ్ దోమలపై పరిశోధన చేసే టార్గెట్ మలేరియా సంస్థ కార్యక్రమాలను 2025 ఆగస్టులో అక్కడి ప్రభుత్వం ఆపించింది. ఆ నిర్ణయంతో నేను ఏకీభవించకపోయినా, నిర్ణయించే హక్కు ఆ ప్రాంతానిదే అంటాను. లండన్ ప్రయోగశాలదీ కాదు, మలేరియా బెడద ఎప్పుడో వదిలిన దేశాల్లోని పర్యావరణవాదులదీ కాదు. పొరుగు దేశాలన్నీ కలిసి కూర్చోవాలి, అక్కడి శాస్త్రవేత్తల చేతికే పగ్గాలివ్వాలి, మార్పు చేయని దోమల సంతతిని ప్రయోగశాలల్లో భద్రపరచాలి. ఈ చర్చ నడిచినన్నాళ్లూ దోమతెరలకు, 2021లోను 2023లోను ప్రపంచ ఆరోగ్య సంస్థ సిఫారసు చేసిన రెండు టీకాలకు నిధులు తగ్గకూడదు. జీన్ డ్రైవ్ సిద్ధమయ్యేలోపు పుట్టే పిల్లలకు అందుబాటులో ఉన్న రక్షణ అదే.