సవరణ: ఆ ఫొటోలో ఉన్నది ఆర్మ్‌స్ట్రాంగ్ కాదు

నీల్ ఆర్మ్‌స్ట్రాంగ్ కనిపించే పాత వార్తా దృశ్యాల గురించి రాసిన పోస్టులో, చంద్రుడిపై బంగారు రంగు హెల్మెట్ అద్దంతో నిలబడిన వ్యోమగామి ఆయనేనని నేను రాసింది తప్పు. ఆ ఫొటోలో ఉన్నది ఆర్మ్‌స్ట్రాంగ్‌తో పాటు చంద్రుడిపై దిగిన మరో వ్యోమగామి బజ్ ఆల్డ్రిన్ అని నాసా చిత్రాల వివరాలు చెబుతున్నాయి. 1969 జూలైలో చంద్రుడిపై నడిచిన సమయంలో స్టిల్ కెమెరా ఎక్కువసేపు ఆర్మ్‌స్ట్రాంగ్ చేతిలోనే ఉన్నందువల్ల ఆయన స్పష్టంగా కనిపించే ఫొటోలు చాలా తక్కువ. ఈ ఫొటోలోనే ఆల్డ్రిన్ హెల్మెట్ అద్దాన్ని పెద్దది చేసి చూస్తే, అందులో చిన్న తెల్లని ఆకారంగా ప్రతిబింబించేది ఆర్మ్‌స్ట్రాంగే. వార్తా కార్యక్రమాల్లో తరచూ చూపే, నిచ్చెన మీంచి మొదట దిగుతున్న మసక దృశ్యం మాత్రం ఆర్మ్‌స్ట్రాంగ్‌దే; ఆల్డ్రిన్ సుమారు 20 నిమిషాల తర్వాత దిగారు.