‘మార్చి చూద్దాం’ గారికి ఒక బహిరంగ లేఖ

మహారాజశ్రీ ‘మార్చి చూద్దాం’ గారి దివ్య సముఖమునకు, విజయవాడ నుంచి తమ పాత ఖాతాదారు నమస్కరించి వ్రాయునది ఏమనగా, ఉభయకుశలోపరి. తమరు కుశలమేనని నాకు తెలుసు, నా పదహారు వేల రెండొందలు తమ దగ్గరే ఉన్నాయి కదా. నేనూ కుశలమే. కారు కూడా ఇప్పుడు కుశలమే. అది బాగుపడటంలో తమరి ప్రమేయం ఆవగింజంత కూడా లేదు, పాడవడంలో మాత్రం పూర్తిగా ఉంది. ఆ సంగతికి తర్వాత వస్తాను.

తమరెవరో తెలియనివాళ్ల కోసం ఒక ముక్క. తమరు మనిషి కాదు, కొట్టు కాదు, కంపెనీ అసలే కాదు. రెండంటే రెండు పదాల మాట. బానెట్ ఎత్తి, లోపలికి ఓసారి తొంగి చూసి, నడుం మీద చెయ్యి పెట్టుకున్న ప్రతివాడి నోట్లోంచీ తమరు ఊడిపడతారు. కారే కానక్కర్లేదు. మిక్సీ దగ్గరా ఉంటారు, మోటారు పంపు దగ్గరా ఉంటారు, మోకాలి నొప్పికి మాత్రలు రాసేచోట కూడా ఒకట్రెండు సార్లు చూశాను.

ఆ సోమవారం పొద్దున్న ఏం జరిగిందంటే, తాళం తిప్పగానే ఇంజన్ ఎప్పటిలాగే టక్కున అందుకుంది. ముల్లు వెయ్యి దాటింది. నేను సీటుబెల్టు లాక్కునేలోగా, ఎవరో పీక మీద చెయ్యేసినట్టు, ఆగిపోయింది. దగ్గు లేదు, ఊగిసలాట లేదు, నీట్‌గా ఆగిపోయింది. మళ్లీ తిప్పాను, మళ్లీ స్టార్టయింది, మళ్లీ రెండు సెకన్లు, మళ్లీ నిశ్శబ్దం. ఆరోసారికి మా అపార్ట్‌మెంట్ సెక్రటరీ గారు వాకింగ్ ఆపి వచ్చి చెవులు రిక్కించి విని, “బ్యాటరీ అండీ, నా మాట విని మార్చి చూడండి” అన్నారు. అలా తమరితో ఆ వారం పరిచయం మొదలైంది.

ఎద్దు ఈనిందంటే గాటన కట్టెయ్యమన్నట్టు నేనూ ఫోన్ చేసేశాను. బ్యాటరీ అబ్బాయి గంటలో వచ్చాడు, పాతది తీసుకుని కొత్తది బిగించి నాలుగు వేల ఎనిమిదొందలు పట్టుకెళ్లాడు. స్టార్టరు చక్కగా తిరిగి ఇంజన్ అందుకున్నాక బ్యాటరీ చేయాల్సిన పెద్ద పని అయిపోయినట్టేనని, అక్కడి నుంచి కరెంటు ఆల్టర్నేటర్ ఇస్తుందని, బ్యాటరీ వీకైతే ముందు తిరగడమే కష్టమవుతుందని అప్పుడు ఎవరూ అనుకోలేదు. కొత్త బ్యాటరీతో కారు ఇంకాస్త హుషారుగా స్టార్టయ్యి, అంతే హుషారుగా ఆగిపోయింది.

మర్నాడు మెకానిక్ వచ్చాడు. మంచివాడే, ఆ మాట ముందే చెబుతున్నాను, చేతిలో పనుంది. కానీ నోట్లో తమరున్నారు. “ప్లగ్గులు ఎప్పుడు మార్చారు సార్? గుర్తు లేదా? అయితే మార్చి చూద్దాం.” నాలుగు ప్లగ్గులు, పదహారొందలు. ఆగిపోయింది. తర్వాత థ్రాటిల్ బాడీ, అంటే ఇంజన్‌లోకి గాలి వెళ్లే దారిలో మూత ఉండే భాగం, విప్పి మసి కడిగాడు, తొమ్మిదొందలు. దీనికి మాత్రం నేను అతనికి మార్కులు వేస్తాను, ఎందుకంటే స్టార్టయి ఆగిపోయే పెట్రోల్ బండ్లలో చాలావాటికి రోగం అక్కడే. యాక్సిలరేటర్ మీంచి కాలు తీసేశాక ఇంజన్ పీల్చుకోవాల్సిన గాలి ఆ మూత పక్కనున్న సన్నటి సందులోంచే వెళ్తుంది, అక్కడ మసి పేరుకుంటే ఐడ్లింగ్ నిలవదు. అయితే దానికో పైసా ఖర్చులేని పరీక్ష ఉంది: యాక్సిలరేటర్ కాస్త తొక్కి పట్టుకుంటే బండి బతికుంటుందా? బతికుంటే గాలి సమస్య అని అనుమానించొచ్చు. నా బండి కాలు నేలకి అదిమిపెట్టినా సరిగ్గా రెండు సెకన్లకే పోతోంది. ఆ ప్రశ్న ఎవరూ అడగలేదు, నేనూ చెప్పలేదు. అడగడానికి ఖాళీ ఏదీ, తమరు అప్పటికే పెట్రోల్ పంపు గురించి మాట్లాడటం మొదలుపెట్టారు.

ఇక్కడ మా మావయ్య అంబాసిడర్ గుర్తొచ్చింది. 1950ల చివర నుంచి 2014 దాకా ఆ బండి దాదాపు అదే రూపంలో వచ్చిందిగా, మావయ్య కూడా దాదాపు అదే బనీనులో దాని కింద పడుకుని ఉండేవాడు. అదీ స్టార్టయి ఆగిపోయేది. కార్బ్యురేటర్ గిన్నెలో మిగిలిన పెట్రోల్ తాగినంతసేపు నడిచి, వెనక నుంచి రాకపోతే ఆగేది. మావయ్య పెట్రోల్ వచ్చే సన్న రంధ్రం ఉన్న జెట్టు ఊడదీసి, నోటితో ఊది, వెలుతురుకి ఎత్తి చూసి, మళ్లీ పెట్టేవాడు. అప్పట్లో తమరికి చోటు లేదు, ఎందుకంటే మార్చడానికి పార్టు చేతిలో ఉండేది కాదు, ఉన్నా డబ్బు ఉండేది కాదు. ఆ ఇంట్లో పెత్తనమంతా తమ అన్నగారు ‘విప్పి చూద్దాం’ గారిది. ఆయనకంటే ముందు తాతగారు ‘విని చూద్దాం’ గారు ఉండేవారు, ఆయన పోయాక వంశం ఇలా అయింది.

సరే, పంపు. తాళం ఆన్ దాకా తిప్పి ఆపితే వెనక సీటు కింద రెండు సెకన్లు సన్నగా ‘జ్జ్’ అని వినిపిస్తుంది, పంపు లైన్లో ప్రెషర్ నింపుకుంటోందన్నమాట. నా బండిలో అది వినిపిస్తూనే ఉంది. అయినా చప్పుడు వచ్చినంత మాత్రాన ప్రెషర్ ఉన్నట్టు కాదు, నిజమే. దానికి గేజ్ ఉంటుంది, లైనుకి తగిలిస్తే లెక్క కనిపిస్తుంది, ఇలాంటి బండ్లలో సుమారు మూడు బార్లు ఉండాలి. “గేజ్ ఏదీ?” అన్నాను. “ఉంది సార్, ఎవరో పట్టుకెళ్లారు. ఎందుకు, మార్చి చూస్తే తెలిసిపోతుంది కదా.” ఆటోనగర్‌లో దొరకని పార్టు ఉండదు, సాయంత్రానికి పంపు, ఫిల్టరు వచ్చేశాయి. ఏడు వేల నాలుగొందలు. ఇంజన్ కొత్త పంపు పోసిన పెట్రోల్‌ని కూడా రెండే రెండు సెకన్లు తాగి, చాలు అంది.

మీరేమీ అనుకోనంటే ఇక్కడ ఒక నిజం చెప్పుకోవాలి. తప్పు మొత్తం అతనిది కాదు. ఆ రోజు అతను గంటసేపు కూర్చుని, ఏమీ మార్చకుండా, విని, కొలిచి, ఆలోచించి, “సార్, పంపు బాగానే ఉంది, ప్లగ్గులు బాగానే ఉన్నాయి, ఆరొందలు ఇవ్వండి” అని ఉంటే నేను ఇచ్చేవాడినా? “ఏం చేశావని ఆరొందలు?” అనేవాడిని. మనకి డబ్బా కావాలి. డబ్బా మీద హోలోగ్రాం కావాలి. పాత పార్టు చేతిలో పెట్టి “చూడండి సార్ ఎలా ఉందో” అనాలి, మనం అది ఎలా ఉందో ఏమీ అర్థం కాకపోయినా “అమ్మో” అనాలి. ఆలోచనకి బిల్లు వేసే కాలమ్ మన బిల్లు పుస్తకాల్లో లేదు. ఆ ఖాళీ కాలమ్‌లోనే తమరు కాపురం పెట్టారు.

ఐదో రోజు స్కానర్ వచ్చింది. అగ్గిపెట్టెంత వస్తువు, స్టీరింగ్ కింద గుచ్చితే ఫోన్లో కోడ్లు చూపిస్తుంది. అమెరికాలో 1996 నుంచే ప్రతి కొత్త కారుకూ ఆ రంధ్రం ఉండాలి, మన దేశానికి కాస్త ఆలస్యంగా వచ్చింది. నాకు చాలా ఆశ పుట్టింది. కోడ్ వచ్చింది కూడా! ఇంజన్‌లోకి గాలి వెళ్లే ఇన్‌టేక్ దగ్గరున్న ప్రెషర్ సెన్సర్ పలకడం లేదట. మెకానిక్ మొహం వెలిగింది, నా మొహం వాడిపోయింది, తమరు సరే సరి, గొంతు సవరించుకున్నారు. అంతలో హెల్పర్ కుర్రాడు నెమ్మదిగా, “అన్నా, ఆ సెన్సర్ తీగ పొద్దున నువ్వే పీకావు, ఇంకా పెట్టలేదు” అన్నాడు. తాళం ఆన్‌లో ఉండగా పీకిన సెన్సర్ తీగ ఒక కోడ్ రాసిపెడుతుంది, దాన్నే మళ్లీ మనం సాక్ష్యంగా చదువుకుంటాం. ఆ కుర్రాడు తీగ పెట్టేసి కోడ్ చెరిపేస్తే ఇంకే కోడూ లేదు. ఆ వారం మొత్తంలో నా డబ్బు కాపాడినవాడు అతనొక్కడే.

కోడ్ లేకపోయేసరికి తీర్పు పెద్దదైంది. “అయితే ఈసీఎం పోయినట్టే సార్. ముప్పై రెండు వేలు.” ఈసీఎం అంటే కారు మెదడు. మెదడు మార్చి చూద్దాం అన్నారు తమరు, ఎంత తేలిగ్గా అన్నారండీ! మా ఆవిడ అప్పటిదాకా ఏమీ అనలేదు. ఆ రోజు మాత్రం, “ఏమండీ, ముందు మార్చాల్సింది ఎవరి మెదడో తేల్చుకుని అప్పుడు మారుద్దాం, బండి షెడ్డు నుంచి ఇంటికి తెచ్చేయండి” అంది. లాగుడు బండికి పదిహేనొందలు.

తొమ్మిదో రోజు రాత్రి పదిన్నరకి సెల్లార్‌లో కారెక్కి కూర్చున్నాను. ఎందుకంటే ఏం చెప్పను, పోయినవాళ్ల దగ్గర కూర్చుంటాం చూడండి, అలా. మా సెల్లార్ లైట్లు కదలిక లేకపోతే రెండు నిమిషాలకి వాటంతట అవే ఆరిపోతాయి. ఆరిపోయాయి. ఊరికే తాళం ఆన్ చేశాను. చీకట్లో, స్పీడోమీటర్ మూలన, చిన్న ఎర్ర దీపం టుకుటుకుమంటోంది. తాళం బొమ్మ. తొమ్మిది రోజులుగా అది అలా కొట్టుకుంటూనే ఉంది కాబోలు, ఎండలో రోడ్డు మీద బానెట్లోకి తొంగి చూసే మా నలుగురిలో ఒక్కడికీ కనపడలేదు. డ్యాష్‌బోర్డు డబ్బాలోంచి, ఎనిమిదేళ్లుగా ప్లాస్టిక్ కవరు కూడా చింపని మాన్యువల్ తీసి, ఫోన్ వెలుగులో చదివాను. ఆ దీపం ఆ మాదిరిగా వెలుగుతుంటే బండి తాళాన్ని గుర్తించడం లేదని అర్థం, రెండో తాళంతో ప్రయత్నించండి, అని రాసుంది.

రెండో తాళం బీరువాలో ఉంది, పట్టుచీరల కింద, నగల కొట్టు ఇచ్చిన ఎర్ర సంచిలో. చంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికినట్టు. తెచ్చి పెట్టి తిప్పాను. స్టార్టయింది. ఒకటి, రెండు, మూడు... పది... నేను ఆగిపోతుందేమోనని ఊపిరి బిగపట్టుకుని కూర్చున్నాను, అది ఎనిమిదొందల మీద ముల్లు పెట్టుకుని హాయిగా గుర్రు పెడుతోంది.

ఇప్పుడు మొదట్లో చెప్తానన్న సంగతి. ఆ సోమవారానికి ముందు శనివారం సాయంత్రం, తాళం మీద రబ్బరు బటన్ చిరిగిందని, బీసెంట్ రోడ్డు పక్క సందులో నాలుగొందల యాభైకి కొత్త కేసు వేయించాను. నొక్కితే కత్తిలా బయటికొచ్చే స్టైలు తాళం. “పాతది బాగానే ఉంది కదా సార్, టేపు వేసుకోవచ్చు” అని ఆ కొట్టతను అన్నాడు కూడా. “పర్లేదు, మార్చి చూద్దాం” అని నేనే అన్నాను. తమరు సోమవారం బానెట్ కిందికి రాలేదండీ, శనివారం నా నోట్లోంచే వచ్చారు.

కేసు మార్చేటప్పుడు రిమోట్ బోర్డు కొత్తదాంట్లోకి వచ్చింది, అందుకే తలుపులు టిక్కుమని తెరుచుకుంటున్నాయి, అందుకే తాళం మీద ఎవరికీ అనుమానం రాలేదు. కానీ దాని పక్కన లవంగం మొగ్గంత నల్లటి చిప్ ఒకటి విడిగా ఉంటుంది. దానికి సొంత బ్యాటరీ ఉండదు. తాళం దూర్చే చోటు చుట్టూ ఉన్న తీగచుట్ట దానికి శక్తినిచ్చి “నీ నంబరెంత” అని అడుగుతుంది, అది చెప్తే సరి, లేకపోతే మెదడు పెట్రోల్ ఆపేస్తుంది. ఇమ్మొబిలైజర్ అంటారు, యూరప్‌లో 1998 నుంచి కొత్త కార్లకు తప్పనిసరి చేశారు. కొన్ని బండ్లలో స్టార్టరే తిరగదు, నా బండి మర్యాదస్తురాలు, రెండు సెకన్లు టైమిచ్చి మరీ ఆపుతోంది. అంటే ఆ తొమ్మిది రోజులూ నా కారుకి ఏ రోగమూ లేదు. నన్ను దొంగ అనుకుంది, అంతే. దొంగల్లా ప్రవర్తించాం కూడానూ, ఒక్కొక్కటీ ఊడదీసుకుంటూ.

పాత కేసు కొట్టతను కవర్లో పెట్టి ఇచ్చాడు, సొరుగులో పడేశాను. వెతికితే లేదు. మా చిన్నదాని గదిలో దొరికింది, తన ప్లాస్టిక్ కారుకి తాళంగా వాడుకుంటోంది. ఆ కారుకి స్టార్టింగ్ ట్రబుల్ ఎప్పుడూ లేదట. నెయిల్ కట్టర్‌తో కేసు విప్పి, చిప్ తీసి, కొత్త తాళంలో దూది పెట్టి కూర్చోబెట్టాను. పిల్ల ఏడ్చింది, చాక్లెట్‌తో సర్దుకుంది. తొమ్మిది రోజుల్లో ఖర్చుపెట్టి ఫలితం దక్కిన వస్తువు ఆ చాక్లెట్ ఒక్కటే.

నిన్న మెకానిక్ ఫోన్ చేశాడు. “సార్, సెకండ్ హ్యాండ్‌లో ఈసీఎం దొరికింది, పద్నాలుగు వేలకే ఇస్తానంటున్నాడు, తెచ్చి మార్చి చూద్దామా?” అన్నాడు. జరిగింది చెప్పాను. అతను కాసేపు మాట్లాడలేదు. తర్వాత, “తాళమా సార్... ఇంకో రెండు బండ్లు ఇలాగే ఉన్నాయి షెడ్డులో, ఉండండి చూసొస్తా” అని పెట్టేశాడు.

బ్యాటరీ ఎక్స్‌చేంజ్‌లో పోయింది కాబట్టి దాని గురించి అడగను. పాత ప్లగ్గులు నాలుగూ, పాత పంపూ డిక్కీలో కవర్లో ఉన్నాయి, అన్నీ కండిషన్‌లోనే ఉన్నాయి. తమరు ఎలాగూ రోజూ ఏదో ఒక బానెట్ దగ్గర ఉంటారు కాబట్టి, ఎవరికైనా మార్చాల్సి వస్తే నాకు కబురు పెట్టగలరు. సగం ధరకే ఇస్తాను.

ఇట్లు,
తమ విధేయుడు,
రెండు తాళాలూ జేబులోనే పెట్టుకు తిరుగుతున్న ఒక కారు ఓనరు