రివిజన్ పిటిషన్ గారికి, ఓడిపోయినవాడి కృతజ్ఞతలు

మహారాజశ్రీ సివిల్ రివిజన్ పిటిషన్ గారికి,

ఇల్లు ఖాళీ చేయమని డిక్రీ అయింది. అప్పీలులో ఓడాను, రెండో అప్పీలులోనూ ఓడాను. అదే ఇంటి వరండాలో కూర్చుని ఈ ఉత్తరం రాస్తున్నాను. అంతా మీ చలవ. కింది కోర్టు ఆర్డరు తప్పు, సరిచేయండని హైకోర్టును అడిగే పిటిషన్ మీరే కదా. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్లి ఏడ్చాడంటారు. మా కేసులో గెలిచినాయనకు వెళ్లి ఏడవడానికి ఇల్లేదీ? అందులో నేనున్నాను కదా.

మీకు ముక్కుతాడు వేయాలని పార్లమెంటు గట్టిగానే ప్రయత్నించింది. సివిల్ ప్రొసీజర్ కోడ్‌కు 1999లో చేసిన సవరణ 2002 జులై 1 నుంచి అమల్లోకి వచ్చింది. పిటిషన్ వేసినవాడు కోరిన ఆర్డరే వచ్చి ఉంటే కేసు అక్కడితో పూర్తిగా ముగిసిపోయేదా? అయితేనే సెక్షన్ 115 కింద మీరు రావాలట. రివిజన్ వేసినంత మాత్రాన స్టే ఉన్నట్టు కాదని కూడా ఆ సెక్షన్‌లోనే రాశారు. ఆ తలుపు మూస్తే మేం రాజ్యాంగంలోని 227వ అధికరణం (కింది కోర్టుల మీద హైకోర్టు పర్యవేక్షణ) వైపు తిరిగాం. సుప్రీంకోర్టు అక్కడా గీతలు గీసింది. సాక్ష్యాలను మళ్లీ తూచకూడదు, అప్పీలు మారువేషంలో వస్తే లోపలికి రానివ్వకూడదు, కింది కోర్టు పరిధి దాటితేనో ఘోరమైన అన్యాయం జరిగితేనో తప్ప వేలు పెట్టకూడదు. మన హైకోర్టుల్లో 227 కింద వేసినా మీ పేరు సీఆర్పీయే (సివిల్ రివిజన్ పిటిషనే) కాబట్టి, నాకు కొత్త పరిచయాలు చేసుకునే బాధ కూడా తప్పింది.

ఈ హద్దులన్నీ మీరు ఏం తేల్చవచ్చో చెబుతాయి. ఎప్పటిలోగా తేల్చాలో చెప్పవు. నా కాపురం ఆ సందులోనే.

ఎలాగంటారా? స్టే రానక్కర్లేదు. 'సీఆర్పీ వేశాం, ఇంకా నంబరు కాలేదు' అని మా వకీలు గారు ఈపీ (డిక్రీ అమలు చేయమని గెలిచినవాడు వేసే ఎగ్జిక్యూషన్ పిటిషన్) నడిచే కోర్టులో ఓ మెమో పడేస్తే చాలు. అమీనాను పంపి తాళాలు పగలగొట్టించాక పైనుంచి స్టే వస్తే ఎవరికి చిక్కు? అందుకని ఓ వాయిదా. ఆ తర్వాత ఇంకోటి. అవతలి ఆయన తెలివిగా ముందే హైకోర్టులో కేవియట్ (తన మాట వినకుండా ఆర్డరు ఇవ్వొద్దనే ముందస్తు కాగితం) వేశాడు. దాని ఆయుష్షు 90 రోజులు. మాకు తొందరేముంది, అది పోయాకే వచ్చాం.

మీ కోసం మేం పట్టుకొచ్చిన పాయింట్లు కూడా గొప్పవే. డిక్రీలో తూర్పు హద్దు వేపచెట్టు అని ఉంది. ఆ చెట్టు ఇప్పుడు లేదు (కొట్టించింది నేనే, అది వేరే సంగతి). కాబట్టి ఏ ఇల్లు అప్పగించాలో తెలియడం లేదన్నాం. ఈపీ కోర్టు డిక్రీ వెనక్కి వెళ్లి తవ్వకూడదని ఎన్ని తీర్పులున్నాయో మా వకీలు గారికి తెలియక కాదు. కొట్టేస్తారనీ తెలుసు. కొట్టేసేదాకా గడిచే కాలానికే కదా నేను ఫీజు కట్టింది!

ఈపీలను ఆరు నెలల్లో ముగించమని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది, 2025లో మళ్లీ చెప్పింది. దేశమంతా లెక్క తీయిస్తే 8 లక్షల 80 వేలకు పైగా ఈపీలు పెండింగులో తేలాయి. ఆ వార్త చదివాక నాకు టెన్షన్ తగ్గింది. ఒంటరిగా ఉన్నానేమో అనుకున్నాను, ఇంతమంది ఉన్నారన్నమాట.

ఇక నా విన్నపం ఒక్కటే. మిమ్మల్ని కొట్టేసే రోజున ఎప్పటిలాగే 'ఖర్చులు లేవు' అని ఆఖరి లైను పడేలా చూడండి. ఇన్నేళ్లు ఆయన ఇంట్లో ఉన్నందుకు రోజుకింత అని లెక్కగట్టి నా చేత కక్కించే అలవాటు ఎవరికైనా పట్టుకుంటే, నాలాంటివాళ్లు మీ గడప తొక్కడం మానేస్తారు. ఆ పాపం మీకెందుకు?

కొట్టేశాక ఖాళీ చేయడానికి గడువు అడుగుతాను. అదీ అయిపోతే వెనక గదిలో మా తోడల్లుడున్నాడు. తాను ఎప్పటినుంచో స్వతంత్ర కిరాయిదారునని ఆర్డర్ 21, రూల్ 97 (స్వాధీనానికి అడ్డుపడేవాళ్ల సంగతి తేల్చే నిబంధన) వాయిదాలో చెబుతాడు. దాన్ని కూడా అదే కోర్టు తేల్చాలి, వేరే దావా కుదరదు. కానీ అక్కడ వచ్చే ఆర్డరు డిక్రీతో సమానమట, దాని మీద అప్పీలుంటుందట. కాబట్టి ఆయన విషయంలో మీరు శ్రమపడనక్కర్లేదు. అప్పీలు గారికి వేరే ఉత్తరం రాసుకుంటాం.

ఇట్లు,
మీ విధేయుడు,
జడ్జిమెంట్ డెట్టర్ (డిక్రీ ఎవరి మీద అయిందో వాడు)