జప్తు నోటీసు వచ్చిందంటే బండి మీద ఆశ వదులుకోవాలా?

మా ప్రొద్దుటూరు డ్రైవర్ల గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. "బండికి కన్ఫిస్కేషన్ నోటీసు వస్తే ఏ కోర్టూ వదలదు. వదిలిందంటే కేసు కొట్టేసినట్టే. ఓనర్‌కు తెలియదని చెబితే చాలు, ఏమీ కాదు." పోయినేడు మా మేనమామ మినీ లారీ రేషన్ బియ్యంతో పట్టుబడినప్పుడు ఇలాంటి మాటే నమ్మి మూడు నెలలు ఇంట్లో కూర్చున్నాడు. బండేమో ఎండకు ఎండి వానకు తడిసి, బ్యాటరీ చచ్చి, టైర్లు నేలకు కరుచుకుపోయింది. ఫైనాన్స్ కంతు మాత్రం ఒక్క నెల కూడా ఆగలేదు. అందుకే రాస్తున్నా.

"ఏ కోర్టూ వదలదు" అన్నది అబద్ధం. దొంగతనం, యాక్సిడెంట్ లాంటి మామూలు కేసుల్లో మేజిస్ట్రేట్ కోర్టులో ఇంటరిమ్ కస్టడీ పిటిషన్, అంటే కేసు తేలేదాకా బండిని మనకు అప్పగించమనే అర్జీ, వేస్తారు. పాత క్రిమినల్ ప్రొసీజర్ చట్టం సీఆర్‌పీసీలో దీనికి 451, 457 సెక్షన్లు, 2024 జులై 1 నుంచి దాని స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో 497, 503. బండ్లను స్టేషన్లలో తుప్పు పట్టనివ్వద్దు, ఫోటోలు తీసి, పంచనామా రాసి, పూచీకత్తు తీసుకుని ఇచ్చేయండి అని సుప్రీంకోర్టు గుజరాత్ కేసులో 2002లోనే చెప్పింది. కొత్త చట్టమైతే సొత్తు కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో వివరాల పట్టీ రాయాలని, ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో తేల్చాలని గడువే పెట్టింది. మత్తుమందుల కేసుల్లోనూ మధ్యంతరంగా బండి ఇవ్వకూడదని చట్టంలో ఎక్కడా లేదని 2025 జనవరిలో అస్సాం లారీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ లారీ కూడా అప్పు చేసి కొన్నదే.

రేషన్ బియ్యం దగ్గర మాత్రం మెసేజ్‌లో కొంత నిజముంది. నిత్యావసర సరుకుల చట్టం, 1955లోని 6ఇ సెక్షన్ ప్రకారం జప్తు విచారణ నడుస్తుండగా బండి సంగతి కలెక్టరే చూడాలి, మేజిస్ట్రేట్ కాదు. మన దగ్గర 6ఏ సెక్షన్ కింద వచ్చే ఈ జప్తు కేసులు జాయింట్ కలెక్టర్ (జేసీ) దగ్గర నడుస్తాయి. అంటే దారి మూసేశారని కాదు, తలుపు మారిందంతే. మా మామ తప్పు తలుపు తట్టి ఇంకో నెల పోగొట్టుకున్నాడు. జేసీ కాదంటే హైకోర్టులో రిట్ ఉండనే ఉంది.

ఎర్రచందనం సంగతి వేరు. లంకమల, పాలకొండల వైపు పట్టుబడిన బండిని అటవీ చట్టం కింద ఫారెస్టు అధికారే జప్తు చేయగలడు. ఇలాంటి బండ్లను మామూలుగా వదలొద్దని, వదలాల్సి వస్తే కనీసం బ్యాంకు గ్యారంటీ అయినా తీసుకోవాలని 2000లో కర్ణాటక కేసులో సుప్రీంకోర్టు అంది. ఇక్కడ ఆశ తక్కువే, ఆ మాట దాచను.

"తెలియదని చెబితే చాలు" అన్న మాటే అన్నిటికన్నా ప్రమాదం. నిత్యావసర సరుకుల చట్టంలోనే 6బి సెక్షన్ చదవండి. ఓనర్‌కు తెలియకపోతే సరిపోదు. అతని ఏజెంటుకు, బండి నడుపుతున్న మనిషికి కూడా తెలియదని, ముగ్గురూ తీసుకోవాల్సిన జాగ్రత్తలన్నీ తీసుకున్నారని రుజువు చేయాలి, రుజువు చేసే బరువు ఓనర్‌దే. డ్రైవర్ తెలిసి లోడ్ ఎక్కించుకున్నాడంటే ఆ వాదన అక్కడే కూలిపోతుంది. అందుకని బాడుగ ఎవరిచ్చారో, సరుకు ఏమని చెప్పారో ఒక చీటీ అయినా దగ్గర పెట్టుకోండి అన్నా. ఇంకోటి, ఇది చాలామందికి ఎవరూ చెప్పరు: బాడుగ బండి అయితే జప్తుకు బదులు జరిమానా కట్టుకునే అవకాశం ఓనర్‌కు ఇచ్చి తీరాలి, ఆ జరిమానా పట్టుబడిన రోజు సరుకుకున్న మార్కెట్ ధరను దాటకూడదు. బియ్యం ధర, లారీ ధర కాదు!

ఇక "వదిలారంటే కేసు కొట్టేసినట్టే" అన్నది. కాదు. మధ్యంతరంగా ఇవ్వడమంటే కేసు తేలేదాకా బండిని మన దగ్గర ఉంచడమే. అమ్మకూడదు, రూపు మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలి, చివరికి జప్తు ఆర్డర్ వస్తే అప్పగించాలి, లేదా ఆర్డర్‌లో రాసిన విలువ కట్టాలి. మాట తప్పితే బాండ్ డబ్బు పోతుంది, పూచీ ఉన్నవాళ్లూ ఇరుక్కుంటారు. ఇంటికొచ్చింది కదా అని వాయిదాలకు పోకపోతే మన వాదన వినకుండానే ఆర్డర్ వేసేస్తారు.

మా మామ ఆర్‌సీ, ఫైనాన్స్ కాగితాలు, బాడుగ వివరాలు పెట్టి చివరికి బాండ్ మీద బండి తెచ్చుకున్నాడు. బండి తిరుగుతోంది, విచారణా నడుస్తోంది. వాయిదా ఉన్న రోజు బాడుగ వదులుకుని పొద్దున్నే కడప బస్సెక్కుతాడు.