పని కావాలి, పేరు వద్దా?

‘గ్రాఫిక్స్ లేవు, అంతా కెమెరా ముందు జరిగిందే’ అని చెప్పుకోవడం పెద్ద సినిమాల ప్రచారంలో రివాజైపోయింది. 2022లో వచ్చిన ‘టాప్ గన్: మావెరిక్’ ప్రచారం నటులు నిజంగానే యుద్ధ విమానాలు ఎక్కారన్న మాట చుట్టూనే తిరిగింది. ఎక్కిన మాట నిజమే. ఆ సినిమాలో రెండు వేలకు పైగా వీఎఫ్ఎక్స్ (విజువల్ ఎఫెక్ట్స్, అంటే కంప్యూటర్‌లో దిద్దిన లేదా సృష్టించిన) షాట్లున్న మాటా నిజమే. ప్రచారంలో పక్కన పెట్టిన ఆ పనే ఆస్కార్ నామినేషన్ దగ్గర మాత్రం ముందుకొచ్చింది. ఈ రెండు నాల్కల ధోరణిని ఇంకెంతకాలం సహించాలి?

ప్రేక్షకుడికి ఇది చిన్న అతిశయోక్తి కావచ్చు. ఆర్టిస్టుకు మాత్రం బతుకుతెరువు. వీఎఫ్ఎక్స్‌లో ప్రాజెక్టు అయిపోగానే చాలామంది మరో స్టూడియో వెతుక్కోవాలి, ఒక్కోసారి మరో దేశం వెళ్లాలి. అక్కడ చూపించడానికి ఉండేవి షోరీల్ (చేసిన షాట్లన్నీ కూర్చిన చిన్న వీడియో), టైటిల్స్‌లో పేరు. సినిమా విడుదలయ్యేదాకా షాట్లు బయట పెట్టకూడదని ఒప్పందం. తీరా విడుదలయ్యాక చూస్తే పేరుండదు. రోటో చేసిన (ఫ్రేము ఫ్రేముకీ బొమ్మ అంచులు గీసి వేరుచేసిన) మనిషి, నటుల్ని వేలాడదీసిన వైర్లు చెరిపిన మనిషి పని ఎంత బాగా చేస్తే అంత కనిపించకుండా పోతుంది. వాళ్లకు పేరు తప్ప ఇంకేం సాక్ష్యముంది?

సెట్ స్కెచ్ గీసే చెయ్యి, దాని వెనక కొండల్ని మేట్ పెయింటింగ్‌లో (షాటులో కలిపే నేపథ్య చిత్రంలో) నిలబెట్టే చెయ్యి ఒకటే కావచ్చు. హాలీవుడ్‌లో ఆర్ట్ డైరెక్టర్లకు 1937 నుంచే సంఘం ఉంది. అదే మనిషి ఆర్ట్ డిపార్ట్‌మెంట్ నుంచి వీఎఫ్ఎక్స్ స్టూడియోకు మారితే ఆ గొడుగు ఉండదు. మార్వెల్ సొంత వీఎఫ్ఎక్స్ సిబ్బంది యూనియన్ కోసం ఏకగ్రీవంగా ఓటేసింది 2023 సెప్టెంబరులో! బయటి స్టూడియోల్లో షాట్లు చేసే వేలమందికి అదీ వర్తించదు.

డబ్బు సంగతీ ఇంతే. షాట్‌కు ఇంతని ముందే ఖరారు చేస్తారు. దర్శకుడు మనసు మార్చుకున్నప్పుడల్లా మళ్లీ చేయాలి. ఆ అదనపు భారం చాలాసార్లు వీఎఫ్ఎక్స్ స్టూడియో మీదే పడుతుంది, రాత్రుళ్లు కూర్చునేది ఆర్టిస్టు. 2013లో ‘లైఫ్ ఆఫ్ పై’కి వీఎఫ్ఎక్స్ ఆస్కార్ వచ్చేసరికే, అందులో పులిని సృష్టించిన రిథమ్ అండ్ హ్యూస్ స్టూడియో దివాలా పిటిషన్ వేసి ఉంది. వేదిక మీద సూపర్‌వైజర్ ఆ మాట ఎత్తగానే సంగీతం పెంచి మైకు కట్టేశారు. బయట వందల మంది ఆర్టిస్టులు నినాదాలు చేస్తున్నారు. పన్నెండేళ్లు గడిచినా పరిస్థితి మారలేదు. 2025 ఫిబ్రవరిలో పెద్ద వీఎఫ్ఎక్స్ స్టూడియోలున్న టెక్నికలర్ సంస్థ కుప్పకూలి, లండన్ నుంచి బెంగళూరు దాకా వేలమంది రోడ్డున పడ్డారు.

అందరి పేర్లూ వేస్తే టైటిల్స్ సాగిపోతాయని నిర్మాణ సంస్థల వాదన. సాగనివ్వండి. పోస్టర్ మీద ఎవరి పేరు ముందు, ఎవరి పేరు ఎంత పెద్దది అని ఒప్పందాల్లో రాసుకునే పరిశ్రమకు ఇంకో రెండు నిమిషాలు బరువా? ఆర్టిస్టు మధ్యలో మానేసినా, స్టూడియో మూతపడినా చేసిన షాటుకు పేరు వేయాలని కాంట్రాక్టులో రాయండి. అది రాయలేనివారు ‘గ్రాఫిక్స్ లేవు’ అని చెప్పడమైనా మానుకోవాలి. అవార్డు తీసుకునే రోజున ‘మా టీమ్’ అంటారు. ఆ టీమ్‌లో ఎవరెవరున్నారో ముందు తెర మీద చూపించండి.