తేదీ లేని రాజీనామా గారికి

మహారాజశ్రీ రాజీనామా పత్రం గారికి,

శ్రీకాకుళం నుంచి ఒక మాజీ టీచరు నమస్కరించి రాయునది.

తమరు మొదట్లో ఒట్టి తెల్లకాగితం. నేను స్కూల్లో చేరిన రోజున ఒరిజినల్ సర్టిఫికెట్లు తీసుకుని, తమరిని నా ముందు పెట్టి, "అడుగున ఒక సంతకం మేడమ్, ఊరికే ఫార్మాలిటీ" అన్నారు. స్టాఫంతా పెట్టిందే, నేనూ పెట్టాను. తమరు బీరువాలో పడుకున్నారు. నేను ఏప్రిల్ ఎండలో పొందూరు వీధుల్లో పాంప్లెట్లు పట్టుకుని అడ్మిషన్ల కోసం తిరిగాను. "ఏటి టీచరమ్మా, నిన్ననే మీవోళ్లు వొచ్చెల్లినారు కదా!" అని గుమ్మంలోంచే సాగనంపేవారు. టార్గెట్ నిండలేదు. వేసవి జీతం పడలేదు. జూన్‌లో వెళ్తే నా క్లాసులో వేరే అమ్మాయి పాఠం చెబుతోంది.

ఇదేమిటని అడిగితే తమరిని చూపించారు. ఎంత మారిపోయారండీ! పైన మూడు లైన్ల ఇంగ్లీషు, "వ్యక్తిగత కారణాల వల్ల" మానేస్తున్నానట. ఆ తర్వాత జానెడు ఖాళీ. ఎక్కడో అట్టడుగున నా సంతకం. మూడు లైన్లలో రెండు స్పెల్లింగు తప్పులు. నేనే రాసుంటే ఎర్రపెన్నుతో నేనే సున్నాలు చుట్టేదాన్ని.

లాయరు గారు చెప్పాక తమరి ఘనత తెలిసింది. 1982 నాటి మన ఆంధ్రప్రదేశ్ విద్యాచట్టం 79వ సెక్షన్ ప్రకారం ప్రైవేటు బడి టీచరునైనా సరే, ఆరోపణలు చెప్పకుండా, విచారణ జరపకుండా, సంజాయిషీ వినకుండా డిస్మిస్ చెయ్యకూడదట. "తీసేస్తే అన్ని తిప్పలు. మీరే మానేస్తే ఏ తిప్పలూ లేవు కదమ్మా" అన్నారాయన. అంటే అంత పెద్ద సెక్షన్‌ని తమరు మూడు లైన్లతో దాటేశారు.

పోనీ లేబర్ కోర్టుకి వెళ్దామంటే, టీచర్లు పారిశ్రామిక వివాదాల చట్టం కిందికొచ్చే కార్మికులు కారని 1988లోనే సుప్రీంకోర్టు చెప్పేసింది. చదువు చెప్పడం పవిత్రమైన వృత్తి కదా! పాంప్లెట్లు పంచేటప్పుడు ఆ పవిత్రత ఎవరికీ గుర్తురాదు. అదే సుప్రీంకోర్టు 2013లో, అన్యాయంగా తీసేసిన ఒక టీచరమ్మకి పాత జీతం మొత్తం కట్టమంది. ఆ తీర్పు చూసే నేనూ సివిల్ దావా వేశాను.

సంతకాన్ని నిపుణులకి పంపిస్తే అది నాదేనని తేలుతుంది. నిజంగానే నాది మరి. అందుకే ఆ జానెడు ఖాళీ సంగతి, టైపు ఎప్పుడు కొట్టారన్న సంగతి అడుగుతున్నాం. కోర్టుకి మాత్రం జిరాక్సే వచ్చింది. ఒరిజినల్ తెమ్మని పిటిషన్ వేశాం.

కాబట్టి వచ్చే వాయిదాకి తమరు స్వయంగా దయచేయగలరు. బీరువాలో తమరి తోటివాళ్లు ఇంకా ఉన్నారు, సంతకాలు పడి, తేదీలు పడనివాళ్లు. వీలైతే వాళ్లనీ వెంటబెట్టుకు రండి.

ఇట్లు,
తమరి అడుగున ఉన్న సంతకం